పెళ్లి కూడా క్యాజువాలిటీయే

కొడుకు జీతం చీటీలో ‘క్యాజువాలిటీ’ అన్న మాటా, ఆ మాట పక్కన ఫిబ్రవరి తేదీ చూసి రామకోటేశ్వరరావు మాస్టారు హనుమాన్ జంక్షన్‌లో విజయవాడ బస్సెక్కాడు. క్రితం వారం ఆయన్ను మనం ఆ బస్సులోనే వదిలాం.

భార్య శివపార్వతి పోయి అయిదు నెలలు. సైన్యంలో నాయక్‌గా ఉన్న ఒక్కగానొక్క కొడుకు లక్ష్మీకాంత్ తల్లి చివరి చూపుకు రాలేదు. తలకొరివి మాస్టారి తమ్ముడి కొడుకు పెట్టాడు. మూడో రోజున లక్ష్మీకాంత్ ఫోన్ చేసి “రాలేను నాన్నా” అన్నాడు. ఎందుకో చెప్పలేదు. “సరే. ఇక రానక్కర్లేదు” అని మాస్టారు ఫోన్ పెట్టేశాడు. ఆ తర్వాత ఇద్దరి మధ్యా మాట లేదు. అయినా జులై వచ్చేసరికి, ఏటా పంపినట్టే, ఆదాయపన్ను రిటర్ను వేయడానికి ఏడాది చీటీలన్నీ తండ్రి ఫోన్‌కి వచ్చాయి. వాటి కింద ఒక్క ముక్క రాసి లేదు.

మాస్టారు చెప్పేది తెలుగు. పదో తరగతి పిల్లలకు నానార్థాలు నేర్పేటప్పుడు ఆయన ఒక మాట అంటుండేవాడు: తెలిసిన అర్థం దగ్గర ఆగిపోకండి, మాట ఎవరి నోట్లోంచి వచ్చిందో చూడండి అని. బస్సు గన్నవరం దాటుతుంటే ఆ మాట ఆయనకే అక్కరకొచ్చింది. క్యాజువాలిటీకి ఆయనకు తెలిసిన అర్థాలు రెండు. ఒకటి పేపర్లో వచ్చేది, యుద్ధంలో పోయినవాళ్లూ గాయపడినవాళ్లూ. రెండోది ఆస్పత్రి తలుపు మీద ఎర్ర అక్షరాల్లో ఉండేది. ఫిబ్రవరిలో ఆయన ఆ అక్షరాల కింద ఇనప కుర్చీలో కూర్చున్నాడు. డాక్టరు బయటికొచ్చి ఆయన భుజం మీద చెయ్యి వేసింది అక్కడే.

రామవరప్పాడు రింగు దగ్గర దిగి ఆటో ఎక్కాడు. గుణదలలో ఆదివారం పూజ ముగిసి జనం కొండ దిగుతున్నారు. యేసుబాబు గారి ఇల్లు ఆటోవాడికే తెలుసు. సైన్యంలో సుబేదారుగా రిటైరైన మనిషి. చేసింది మాత్రం మొదట్నుంచీ క్లర్కు పనే. పెన్షన్ తప్పొచ్చినా, అలవెన్సు ఆగినా చుట్టుపక్కల మాజీ సైనికులంతా ఆయన వరండాకే వస్తారని స్కూల్లో ఛాయాదేవి టీచరు చెప్పింది.

“రండి మాస్టారూ. టీచరు గారు ఫోన్ చేసి అంతా చెప్పారు. ముందు కూర్చోండి. తెరేసా, మాస్టారికి మజ్జిగ.”

మాస్టారు కుర్చీ అంచున కూర్చున్నాడు. “యేసుబాబు గారూ, మావాడు బతికే ఉన్నాడని నాకు తెలుసు. మొన్ననే ఈ చీటీలు పంపాడు. మరి ఈ మాటేమిటో ఒక్కటి చెప్పండి చాలు.”

యేసుబాబు కళ్లద్దాలు పెట్టుకుని ఫోన్‌లో అక్షరాలు పెద్దవి చేసి చూశాడు. చూసి నవ్వాడు. ఎదుటి మనిషి ముఖం చూసి నవ్వు సగంలో ఆపుకున్నాడు.

“దీనికి భయపడి వచ్చారా? తప్పు మీది కాదులెండి. ఎవరైనా భయపడతారు. మాస్టారూ, నా పెళ్లి కూడా క్యాజువాలిటీయే.”

“ఆ ఒక్కటీ నిజం చెప్పాడు,” అంది లోపల్నుంచి ఆయన భార్య తెరేసమ్మ.

“నువ్వు మజ్జిగ చూడు. ఏంటంటే మాస్టారూ, సైన్యంలో జీతం దానంతటది మారదండి. మనిషికి ఏదన్నా జరగాలి. పెళ్లవచ్చు, బిడ్డ పుట్టడమవచ్చు, ప్రమోషను, బదిలీ, సెలవు, పరీక్ష ప్యాసవడం, ఏదన్నా. అది జరగ్గానే యూనిట్లో క్లర్కు ఒక ఆర్డరు వేస్తాడు. ఆ ఆర్డరు జీతాల ఆఫీసుకి చేరితేనే రూపాయి అటో ఇటో కదులుతుంది. అలా జరిగిన ప్రతిదాన్నీ మా భాషలో క్యాజువాలిటీ అంటాం. మా పెద్దమ్మాయి పుట్టినప్పుడు నా చేత్తో నేనే టైపు చేశాను. క్యాజువాలిటీ, కూతురు జననం అని.”

తెరేసమ్మ గ్లాసులు తెచ్చి బల్ల మీద పెట్టింది. “ఇంట్లో అందరం కేకు కోసుకుంటుంటే, ఈయన అక్కడ పిల్లకేదో యాక్సిడెంటు అయినట్టు కాగితం పంపాడండీ. ఇప్పటికీ మా అమ్మాయి దెప్పుతుంది.”

మాస్టారు గ్లాసు అందుకున్నాడు గానీ తాగలేదు. “అంటే సంఘటన అన్నమాట.”

“అదే.”

“సంఘటన అని రాసుకోవచ్చు గదా.”

“ఇంగ్లీషువాడు పెట్టిపోయాడు, మేం టైపు కొట్టాం. మీలాంటివాళ్లు మాకు ఆఫీసర్లుగా వస్తే మార్చేవారేమో.”

మూడో అర్థం దొరికింది. మాస్టారు మజ్జిగ సగం తాగాడు. పొద్దుట్నుంచి గొంతు దిగింది అదే. కాని భయం పోయిన చోట ఇంకొకటి వచ్చి కూర్చుంది.

“మరి ఫిబ్రవరిలో మావాడికి జరిగిన సంఘటన ఏది?”

“అది ఆర్డర్లో ఉంటుందండి. చీటీలో నంబరూ తేదీ తప్ప ఉండవు. ఏం జరిగిందో పట్టుకోవాలంటే జీతంలో ఏం మారిందో చూడాలి. చీటీ చదవడం వచ్చా మీకు?”

“ఏటా రిటర్ను నేనే వేస్తాను. మొత్తం ఎంత, పట్టుకున్న పన్ను ఎంత, ఆ రెండే చూసేవాణ్ని.”

“అయితే ఎప్పుడూ చదవలేదన్నమాట,” అని యేసుబాబు కుర్చీ దగ్గరికి జరుపుకున్నాడు. ఈ పాఠం చెప్పడం ఆయనకు ఇష్టమని చూడగానే తెలుస్తోంది. “మొదటి లైను మూల వేతనం. ర్యాంకూ, సర్వీసూ కలిస్తే వచ్చేది. మీ పీఆర్సీ స్కేళ్ల లాంటిదే. దాని కింద ఎమ్మెస్పీ.”

మాస్టారు తలెత్తాడు. “వడ్లకిచ్చేదా?”

“ఏది?”

“కనీస మద్దతు ధర.”

తెరేసమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. యేసుబాబు మాత్రం తీరిగ్గా ఆలోచించి చెప్పాడు. “కాదండి, మిలిటరీ సర్వీస్ పే. యూనిఫాం వేసుకున్నందుకిచ్చేది. కలెక్టరాఫీసులో ఎంత పెద్ద ఉద్యోగం చేసినా ఇది రాదు. మీ మద్దతు ధర లాంటిదే అనుకోండి, కాకపోతే ఇది ప్రకటించినంతా చేతికొస్తుంది. ఈ రెండూ కలిపి, దాని మీద డీఏ. డీఏ గురించి మాస్టార్లకి చెప్పేంతవాణ్ని కాను.”

“ఎమ్మెస్పీ మీద కూడా డీఏ కడతారా?”

“కడతారు. భలే పట్టుకున్నారు. చాలామంది జవాన్లకే తెలీదు. ఆ తర్వాత పని నేర్పుని బట్టి కొంచెం. ఇక్కడ ఆగండి. ఇక్కడిదాకా ఉన్నది మనిషితో నడిచే జీతం. పుణేలో ఉన్నా, కాశ్మీర్లో ఉన్నా, మీ ఇంట్లో మంచమ్మీద పడి నిద్రపోతున్నా ఇది ఇంతే. ఇక్కడొక గీత గీయండి. గీత కింద ఉన్నది చోటు జీతం. మనిషి అక్కడుంటేనే వస్తుంది, కదిలాడా అక్కడే ఆగిపోతుంది. పై సగం చదివితే వాడెవడో తెలుస్తుంది, కింది సగం చదివితే వాడెక్కడున్నాడో తెలుస్తుంది.”

మాస్టారు ఆ మాట మనసులో ఒకసారి అనుకున్నాడు. ఇన్నేళ్లు రిటర్నుల్లో రెండు అంకెలు మాత్రం ఎత్తి రాసుకున్న చీటీ ఆయనకు ఇప్పుడు వాక్యంలా కనిపిస్తోంది. మనిషితో నడిచేదీ, చోటున ఆగేదీ.

“ఆ చోటుకి ఎంతివ్వాలో ఎవరు చెప్తారు?”

“పట్టిక ఉందండి. కష్టం ఒకవైపు, ప్రమాదం ఒకవైపు. తక్కువ, మధ్యస్థం, ఎక్కువ. ఆ రెండూ ఎక్కడ కలిస్తే అక్కడొక గడి. దేశంలో ప్రతి చోటూ ఏదో ఒక గడిలో పడుతుంది. జవాన్లకో రేటు, ఆఫీసర్లకో రేటు. చలి మాత్రం అందరికీ ఒకటే.”

“ఏ గడిలోనూ పట్టని చోటు?”

యేసుబాబు ఆయన వైపు చూశాడు. “మీరు పిల్లల్ని బాగా వేధించి ఉంటారు మాస్టారూ. ఉంది. గళ్లన్నిటికీ పైన ఒకటి విడిగా పెట్టారు. అంతకంటే కష్టమూ లేదు, అంతకంటే ప్రమాదమూ లేదని. నా సర్వీసులో ఆ చీటీలు నా చేతి మీదుగా ఎన్నో వెళ్లాయి గాని...”

“ఆయన మాత్రం అంబాలా దాటి పైకి వెళ్లలేదండీ. ఇరవై ఆరేళ్లూ కుర్చీలో కూర్చునే యుద్ధం చేశాడు,” అంది తెరేసమ్మ.

“కుర్చీ లేకపోతే జీతాలెవరేస్తారే? ఏదీ, మీవాడిది ఏ గడో చూద్దాం.”

ఫిబ్రవరికి ముందు ఎలా ఉందో తెలియాలని యేసుబాబు జనవరి చీటీ తెరిచాడు. వేలితో లైన్లు దిగుతూ గీత కిందికి వచ్చాడు. వేలు ఆగింది. డిసెంబరు తెరిచాడు. నవంబరు తెరిచాడు. మళ్లీ జనవరికి వచ్చాడు.

“మాస్టారూ, మీవాడు ఎక్కడున్నానని చెప్పాడు?”

“లేహ్‌లో. స్టోర్సులో సామాను లెక్కలు చూస్తున్నానన్నాడు.”

“ఈ ఎస్.ఎ. అన్నదాన్ని మీరేమనుకున్నారు?”

“మా స్కూల్లో ఎస్.ఎ. అంటే స్కూల్ అసిస్టెంటు. నేనూ అదే. సైన్యంలో అది కాదు గదా, స్పెషల్ అలవెన్సు అనుకున్నాను. డిసెంబర్లో వాడు డబ్బు ఎక్కువ పంపితే, ఎందుకురా ఇంత అని వాళ్లమ్మ అడిగింది. స్పెషల్ అలవెన్సు వస్తోందమ్మా అన్నాడు.”

“వాడు అబద్ధం చెప్పలేదులెండి. అంతకంటే స్పెషల్ లేదు.” యేసుబాబు ఫోన్ బల్ల మీద పెట్టాడు. “అది సియాచిన్.”

తెరేసమ్మ గ్లాసులు తియ్యబోయి మానేసింది.

మాస్టారికి శివపార్వతి గొంతు గుర్తొచ్చింది. ఆ చలికాలం వాడు ఫోన్ చేసినప్పుడల్లా మాట అడిగిన చాలాసేపటికి జవాబు వచ్చేది. ఆమె ఫోన్ చేత్తో మూసి, “చూశారా, ఇదివరకట్లా కాదు, విని ఆలోచించుకుని మాట్లాడుతున్నాడు, పెద్దవాడయ్యాడు” అనేది. అన్నం తిన్నావా అని అడిగితే ఇక్కడ అన్నీ ఉంటాయమ్మా అనేవాడు. ఆ ఆలస్యం ఉపగ్రహం ఫోనుదనీ, ఆ మాట అంత దూరం నుంచి వచ్చిందనీ ఇద్దరికీ తెలీదు. ఇద్దరికీ తెలీదనే మాస్టారు అనుకున్నాడు.

“అక్కణ్నుంచి ఒక మనిషి ఇంటికి రావాలంటే?” అని అడిగాడు.

“నడిచి దిగాలి, లేదా హెలికాప్టరు రావాలి. మంచు పట్టుకుంటే రెండూ ఉండవండి. ఒక్కోసారి కబురు చేరేసరికే ఇక్కడ అంతా అయిపోతుంది.”

“అయితే వాడు రాలేకపోయాడు.”

ఆ మాట మాస్టారు ఎవరినీ అడగలేదు. చొక్కా జేబులోంచి రుమాలు తీసి కళ్లద్దాలు తుడుచుకున్నాడు. అయిదు నెలలుగా ఆయన ఒక్క వాక్యానికి కట్టుబడి ఉన్నాడు. రావడానికి వీలున్నవాడు రాలేదు. ఆ వాక్యం తప్పయితే, రానక్కర్లేదు అన్న తన మాట వెనక్కి తీసుకోవచ్చు. ఇవాళే తీసుకోవచ్చు. ఇక్కణ్నుంచే.

“ఫోన్ ఇలా ఇవ్వండి యేసుబాబు గారూ. మావాడితో ఒక మాట మాట్లాడి వెళ్తాను.”

యేసుబాబు ఇవ్వలేదు. అప్పటికే ఫిబ్రవరి చీటీ తెరిచి ఉన్నాడు.

“ఆగండి. మీ ఇంట్లోవాళ్లు పోయింది ఫిబ్రవరిలో ఎప్పుడు?”

“మీ మేరీమాత తిరునాళ్ల ఆఖరి రోజున.”

“అంటే పదకొండు,” అంది తెరేసమ్మ మెల్లిగా.

“ఈ క్యాజువాలిటీ నాలుగో తారీకుది. ఎస్.ఎ. కూడా ఆ రోజుదాకానే కట్టారు. చోటు జీతమని చెప్పాను గదండీ. కదిలితే ఆగిపోతుంది.”

“కదిలాడా?”

“కిందికి దిగాడు. వారం ముందే దిగిపోయాడు.”

వీధిలో ఎవరో పిల్లలు కొండ మీంచి తెచ్చుకున్న బుడగలు పగలగొట్టుకుంటున్నారు. మాస్టారు కళ్లద్దాలు పెట్టుకోవడం మర్చిపోయి చేతిలోనే పట్టుకున్నాడు.

“అయితే ఆ సంఘటన?”

“సెలవేనండి, ఇంకేముంటుంది. పైనుంచి దిగిన ప్రతివాడూ ముందు అడిగేది సెలవే. నేనెన్ని ఆర్డర్లు కొట్టానో...” అంటూనే యేసుబాబుకు తను ఏమంటున్నాడో తెలిసింది. తల్లి పోయేనాటికి కొడుకు సెలవులో, ఎక్కడో.

“సెలవా?” అంది తెరేసమ్మ. “మరి రేషను డబ్బులేవీ?”

“నీకెందుకే ఇప్పుడు?”

“మీరు సెలవుకొచ్చిన నెలల్లో వచ్చేవి కాదా? సైన్యం వంటశాలలో, ఆ లంగరులో తినరు గనక ఆ తిండి డబ్బు చేతికిచ్చేవాళ్లు. అది వస్తేనే గదా నేను రొయ్యలు కొన్నది. చూడండి, అబ్బాయి చీటీలో పడిందేమో.”

యేసుబాబు చూశాడు. మార్చి చీటీ కూడా చూశాడు. ఈసారి పాఠం చెప్తున్నవాడిలా లేడు.

“పడలేదు.”

“అయితే సెలవు కాదు,” అంది తెరేసమ్మ.

“సెలవు కాదు. సర్కారు తిండే తిన్నాడు.”

మాస్టారు ముందుకు వంగాడు. “యూనిట్లోనే ఉన్నాడేమో. కింద క్యాంపులో.”

“ఆ క్యాంపూ ఎత్తు మీదిదేనండి. అక్కడున్నా దాని అలవెన్సు దానికుంటుంది. నాలుగో తారీకు తర్వాత గీత కింద ఒక్క లైను లేదు. ట్రైనింగుకి పంపితే దారి బత్తా కనబడాలి, అదీ లేదు. ఎక్కడో మైదానంలో ఉన్నాడు. సర్కారు తిండి తింటున్నాడు. డ్యూటీ మాత్రం చెయ్యట్లేదు. మార్చి అయ్యేదాకా అంతే.”

ఎత్తు మీద నుంచి దింపి, తిండి పెట్టి, పని చెప్పకుండా రెండు నెలలు ఉంచుకునే చోటు ఏదో ముగ్గురికీ తెలుసు. చెప్పడానికి మాత్రం ఒకరికొకరు వదిలేశారు.

చివరికి మాస్టారే అన్నాడు. “మీరు నవ్వారు గాని యేసుబాబు గారూ, ఆ మాట ఆస్పత్రి మాటేనేమో.”

యేసుబాబు కాదనలేదు. ఫోన్ తీసి ఆయన చేతిలో పెట్టాడు.

తెరేసమ్మ భర్త మోచెయ్యి పట్టుకుని లోపలికి నడిపించింది. “నేనుంటే ఏవన్నా అడగాల్సొస్తే...” అంటున్నాడు ఆయన. “మీరడగాల్సింది అయిపోయింది, రండి,” అంది ఆవిడ. తలుపు దగ్గరికి వేసిన చప్పుడైంది.

ఏం అడగాలో మాస్టారు ముందే కుదుర్చుకోవాలనుకున్నాడు. తరగతిలోనైతే ప్రశ్న బోర్డు మీద రాసి, సరిచూసుకుని, అప్పుడు పిల్లల వైపు తిరిగేవాడు. ఇక్కడ అంత వ్యవధి లేకపోయింది. ఒక్క రింగుకే అవతల ఫోన్ ఎత్తారు.

“నాన్నా.”

గొంతు దగ్గరగా ఉంది. జవాబు ఆలస్యం కాలేదు.

“కాలా, చెయ్యా?” అన్నాడు మాస్టారు.

అవతల ఎవరో హిందీలో ఎవరినో పిలుస్తున్నారు.

“ఎవరు చెప్పారు నాన్నా?”

“నీ జీతం చెప్పింది.”

లక్ష్మీకాంత్ నవ్వబోయినట్టున్నాడు, అది నవ్వు కాలేదు. “కాలు. ఎడమ కాలి వేళ్లు మంచుకి పోయాయి. ఇప్పుడు నడుస్తున్నాను. బూటు వేసుకుంటే ఎవరికీ తెలీదు.”

మాస్టారు వరండా స్తంభానికి చెయ్యి ఆనించాడు. ఎన్ని వేళ్లని అడగలేదు. నొప్పి ఉందా అని అడగలేదు. ఆ రెండూ ఎంతసేపైనా అడగొచ్చు.

“ఆ రోజు ఫోన్‌లో రాలేనన్నావు. ఆస్పత్రిలో ఉన్నాను, అందుకని రాలేను అని ఉంటే సరిపోయేది గదరా. ఆ ఒక్క ముక్క ఎందుకు దాచావు?”

“ఎందుకు రాలేవని నువ్వు అడగలేదు నాన్నా.”

మాస్టారు స్తంభం వదిలి కుర్చీలో కూర్చున్నాడు.

“అడిగినా చెప్పేవాణ్ని కాదులే,” అన్నాడు లక్ష్మీకాంత్. “అమ్మకి మాటిచ్చాను.”

“అమ్మకా? ఎప్పుడు?”

“నన్ను దింపిన రోజునే. వార్డులోంచి మొదటి ఫోన్ అమ్మకే చేశాను. అప్పటికి తను ఇంట్లోనే ఉంది, ఆస్పత్రిలో చేరలేదు. తను పోయిన కబురొచ్చాక మా మేజర్ గారు చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి విమానంలో పంపిస్తానన్నారు నాన్నా. టిక్కెట్టు కూడా తీశారు. ముందే వద్దన్నది అమ్మే. నువ్విప్పుడు రాకు, మీ నాన్నకి చెప్పకు, ఇవాళే నాకు మాటివ్వు అంది.”

కొండ మీద గంట మోగడం మొదలైంది. మాస్టారు రెండో చెవి చేత్తో మూసుకున్నాడు.

“తన కొడుకు కాలు చెడి ఆస్పత్రిలో ఉంటే రావద్దందా మీ అమ్మ?”

“నా కాలు గురించి కాదు నాన్నా,” అన్నాడు లక్ష్మీకాంత్. “నీ గురించి.”